కాటా పక్కన కెమెరా

గ్రీసులో థెస్సలీ మైదానానికి పడమటి కొసన త్రికల అనే పట్నం ఉంది. అది దాటితే పిందోస్ కొండలు మొదలు. వారం వారం ఒక కూరగాయల లారీ త్రికలలో బయల్దేరి, 75 కిలోమీటర్ల కొండదారిలో ఊరూరా ఆగుతూ వెళ్లేది. భార్యాభర్తలు, ఇద్దరు కొడుకులు కలిసి నడిపే వ్యాపారం. సినిమా తీసేనాటికి ముప్పై ఏళ్లకు పైగా అదే దారి, అవే ఊళ్లు. దిమిత్రిస్ కుత్సియాబసాకోస్ ఆ లారీ వెంట నాలుగు రుతువులు తిరిగి 2013లో ‘ఓ మనావిస్’ అనే డాక్యుమెంటరీ తెచ్చాడు. నిడివి దాదాపు గంటా ఇరవై నిమిషాలు. బయటి దేశాల్లో దీన్ని ‘ది గ్రోసర్’ అన్నారు గానీ, ఆ పేరు వింటే మనకు కిరాణా కొట్టు గుర్తొస్తుంది. గ్రీకులో మనావిస్ అంటే కాయగూరలూ పండ్లూ అమ్మేవాడు.

ఇలాంటి సినిమాల గురించి రాసేటప్పుడు ‘కెమెరా మౌనంగా ఓ మూల నిలబడి బతుకును ఉన్నదున్నట్టు పట్టుకుంది’ అనడం రివాజు. అది సగం మాటే. ఏ పాతికమందో మిగిలిన కొండ ఊళ్లో కెమెరా ఎంత ఓపిగ్గా నిలబడినా దొరికేది నీడ జరగడం, పిల్లి గోడ దూకడం. మూడో రోజుకల్లా దర్శకుడికి విసుగొస్తుంది, అరుగు మీద కూర్చున్న ముసలాయన దగ్గరికి వెళ్లి ‘మీ చిన్నప్పుడు ఊరు ఎలా ఉండేది’ అని అడిగేస్తాడు. అక్కడితో సినిమా అందరూ తీసే సినిమా అయిపోతుంది. అసలు పని కెమెరా బయటికి తియ్యకముందే జరగాలి: దేని పక్కన నిలబడాలో తేల్చుకోవాలి. కుత్సియాబసాకోస్ కాటా పక్కన నిలబడ్డాడు. సినిమాలో తక్కినదంతా ఆ ఒక్క ఎంపిక నుంచి వచ్చిందే.

కూరగాయలు లారీలో రావలసిన అవసరం ఆ కొండలకు ఒక్కరోజులో పుట్టలేదు. 1946–49 అంతర్యుద్ధంలో బాగా నలిగినవి పిందోస్ ఊళ్లు. పోరు సాగుతుండగానే సైన్యం చాలా ఊళ్లను ఖాళీ చేయించి జనాన్ని మైదానాల్లోకి దింపింది. తిరిగొచ్చినవాళ్లలో కూడా పడుచువాళ్లు ఎక్కువకాలం నిలవలేదు. 1960లో పశ్చిమ జర్మనీతో కార్మికుల ఒప్పందం కుదిరాక కొందరు అక్కడి ఫ్యాక్టరీలకు పోయారు, మరికొందరు ఏథెన్స్‌కు, థెస్సలొనీకికి. పిల్లలు లేక బడి మూతపడుతుంది, కొనేవాళ్లు లేక కొట్టు మూతపడుతుంది. 2010లో వచ్చిన కల్లిక్రతిస్ చట్టం దేశంలోని స్థానిక పాలననంతా 325 మునిసిపాలిటీలకు కుదించడంతో ఆఫీసూ దూరం జరిగింది. ఆగస్టు 15న మరియమ్మ పండుగకు వలసపోయినవాళ్లు పిల్లాపాపలతో దిగుతారు, ఊరు కళకళలాడుతుంది. సెప్టెంబరు వచ్చేసరికి మళ్లీ తాళాలు. అందుకే ఈ సినిమాకు నాలుగు రుతువుల అమరిక అందం కోసం పెట్టినట్టు కనిపించినా, నిజానికది జనాభా లెక్క. లారీ అదే, దారి అదే. కాటా దగ్గర చేరే మనుషుల సంఖ్యే మారుతుంది.

దర్శకుడు ఈ కొండలకు కొత్తవాడు కాదు. మాస్కోలోని వీజిక్ అనే ఫిల్మ్ స్కూల్లో సినిమా చదువుకొని వచ్చి 1997లో తీసిన డాక్యుమెంటరీ పేరు ‘హెరాక్లీస్, అహెలోస్, మా యయా’. యయా అంటే అమ్మమ్మైనా నాయనమ్మైనా గ్రీకులో ఒకటే మాట. అహెలోస్ నది మీద మెసోహోరా దగ్గర తలపెట్టిన 150 మీటర్ల ఆనకట్ట కింద ఆర్మతోలికో ఊరు మునిగే జాబితాలో ఉంది. పురాణంలో హెరాక్లీస్ అహెలోస్ అనే నదీదేవుడితో కుస్తీ పట్టి కొమ్ము విరుస్తాడు. అది నదికి గట్లు కట్టి నేలను సాగులోకి తెచ్చిన కథేనని రెండువేల ఏళ్ల కిందటి గ్రీకు భూగోళవేత్త స్ట్రాబో కాలం నుంచే చెప్పుకున్నారు. నదిని థెస్సలీ మైదానానికి మళ్లించాలన్న ఇంజనీర్ల పథకానికి అంతకంటే పాత పోలిక దొరకదు. ముంపు గ్రామం అంటే ఏమిటో పోలవరం సంగతి తెలిసిన తెలుగు పాఠకుడికి విడమరచి చెప్పనక్కర్లేదు. ఆనకట్ట 2001 నాటికి లేచింది గానీ, కోర్టు తగాదాలతో ఏళ్ల తరబడి జలాశయం నింపలేదు. మునుగుతుందని రాసిపెట్టిన చోట కొత్త ఇల్లు కట్టేవాడెవడు? ఊరు మునక్కుండానే పాడవుతుంది. ఆ సినిమా పేరులోనే ‘మా’ అన్న మాట ఉంది. పదహారేళ్ల తర్వాత కాయగూరల లారీ దగ్గరికి వచ్చేసరికి దర్శకుడు పేరులోంచి కూడా తప్పుకున్నాడు, తన చోట్లో ఇంకొకణ్ణి నిలబెట్టాడు.

ఆ ఇంకొకడు ఏం చేస్తాడో దగ్గర్నుంచి చూస్తే ఈ పద్ధతి గుట్టు తెలుస్తుంది. తిరుగుడు బండి మీద అమ్మకానికి ఒక వరస ఉంటుంది. బండి మలుపు తిరగకముందే మైకు మోగుతుంది. తలుపు తెరుచుకుంటుంది. మనిషి వస్తుంది, టమాటాలు ఏరుతుంది, కాటా మీద పెడుతుంది. ధర, కాస్త గొణుగుడు, చిల్లర. సంచీ చేతికందాక రెండు నిమిషాల మాటలు. బండి కదులుతుంది. మొత్తం పది నిమిషాల పని. అందులో మొదలు, నడుమ, ముగింపు అన్నీ ఉన్నాయి, ఎవరూ రాసివ్వకుండానే.

‘ఒంటరిగా ఎలా నెట్టుకొస్తున్నారు’ అని అడిగితే రాని జవాబు రెండు టమాటాలు, ఒక ఉల్లిపాయ, అరకిలో బంగాళాదుంపలు కాటా ఎక్కగానే వచ్చేస్తుంది. అదే మనిషి ఇంకో వారం మూడు కిలోలు తూయించుకుంటే ఇంటికి ఎవరో వస్తున్నారని అర్థం. ఇక బండివాడి ప్రశ్నలు ఎలా ఉంటాయో మనకూ తెలుసు: పోయిన వారం రాలేదేం, మోకాలు ఎలా ఉంది, అమ్మాయి ఫోన్ చేసిందా. ఈ ప్రశ్నలే దర్శకుడు అడిగితే విచారణ, కూరగాయలవాడు అడిగితే పలకరింపు. ముప్పై ఏళ్ల పరిచయం ఉన్న ఇంటర్వ్యూ మనిషిని ఏ నిర్మాణ సంస్థా జీతమిచ్చి తెచ్చుకోలేదు. పైగా చేతులు పనిలో ఉన్నప్పుడు ముఖం కెమెరాను మరిచిపోతుంది. ఊరికే కూర్చోబెట్టిన మనిషి పది సెకన్లకోసారి లెన్సు వైపు చూస్తుంది, పుచ్చిన వంకాయను పక్కన పెట్టే పనిలో ఉన్న మనిషి చూడదు. 2010 మేలో గ్రీసు అప్పుల ఒప్పందం చేసుకున్నాక పింఛన్లు వరసగా కోతపడ్డాయి. వాయిస్ ఓవర్‌తో నడిచే సినిమా అయితే ఇక్కడ ఒక పట్టిక చదివి వినిపిస్తుంది. డబ్బు చేతులు మారే చోట నిలబడ్డ కెమెరాకు ఆ పట్టికతో పనిలేదు.

ఈ దారిలో వెళ్దామనుకునేవాళ్లకు మొదటి దెబ్బ బొమ్మ దగ్గర తగలదు, శబ్దం దగ్గర తగులుతుంది. కాలర్ మైకు ఎవరికి పెట్టాలి? ఊరికి ఎనిమిదిమంది కొనేవాళ్లు ఉంటే ఎవరు ఏ వరసలో వస్తారో తెలియదు. ఒక్కొక్కరినీ ఆపి చొక్కాకు మైకు గుచ్చడం మొదలుపెడితే బేరం కాస్తా షూటింగ్ అయి కూర్చుంటుంది. అందుకే అమ్మేవాడికి ఒక్కడికే పెట్టాలి. కొనేవాళ్లు అతనికి మీటరు దూరంలోనే నిలబడతారు కాబట్టి, ఎత్తు గొంతులైతే అతని ఛాతీ మీది మైకులోనే ఇద్దరి మాటా పడుతుంది. కర్ర చివర బిగించే బూమ్ మైకు రెండో ఆసరా: కొనే మనిషి భుజం వెనక నుంచి, తల పైకెత్తి, నోటి వైపు వంచి.

ఇక్కడ అసలు శత్రువు ప్లాస్టిక్ కవరు. బండివాడు చుట్టలోంచి కవరు లాగి, విదిలించి, నోరు తెరిచి, వంకాయలు పోస్తాడు. ఈ చరచరంతా మైకుకు జానెడు దూరంలో. ఆ చప్పుడు ఎక్కువగా 2 నుంచి 8 కిలోహెర్ట్జ్‌ల మధ్య ఉంటుంది. మాటల్లో హల్లుల స్పష్టతా సరిగ్గా అక్కడే ఉంటుంది. ఎడిటింగ్‌లో కవరును తగ్గించబోతే మాట కూడా మొద్దుబారుతుంది. పైగా ఉత్తర గ్రీకు యాసలో ఒత్తు లేని అచ్చులు మారిపోతాయి, కొన్ని పూర్తిగా రాలిపోతాయి. పిల్లవాడు అనే అర్థంలో ఏథెన్స్‌వాళ్లు ‘పెదీ’ అంటే వీళ్లు ‘పిదీ’ అంటారు. అలాంటి మాటలో హల్లు కూడా పోతే ఇక మిగిలేదేమీ లేదు. చేయగలిగింది చిన్నదే. మైకును కవరు లాగే చేతికి అవతలి వైపు కాలరు దగ్గరికి జరపడం, కవర్ల చుట్టను కాటాకు అవతలి కొసన వేలాడదియ్యమని ముందే బతిమాలుకోవడం. పరిశీలక సినిమాలో దర్శకుడు జోక్యం చేసుకోకూడదంటారు. కవరు చుట్ట విషయంలో ఆ వ్రతం చెడినా ఫరవాలేదు.

లారీ బాడీ ఇనుముది. అమ్మేవాడు వెనక్కి తిరిగి పెట్టెల మధ్యకు వెళ్లగానే వైర్‌లెస్ సిగ్నల్ తెగుతుంది. అతని జేబులోనే ఒక చిన్న రికార్డరు కూడా నడుస్తుంటే ఆ ముక్కలు దక్కుతాయి. వినికిడి తగ్గిన పెద్దవాళ్లు అరిచి మాట్లాడతారు. మామూలు మాటను −18 డెసిబెల్స్ దగ్గర నిలిపినా వాళ్ల కేక సున్నాను (డిజిటల్ రికార్డింగులో అదే పైహద్దు) తన్ని చిట్లిపోతుంది, చిట్లిన శబ్దాన్ని ఎవరూ బాగుచేయలేరు. అదే శబ్దాన్ని 10 డెసిబెల్స్ తగ్గించి రెండో ట్రాక్‌లో పెట్టుకోవడం అందుకే. ప్రతి ఊళ్లోనూ ఇంజను ఆగిన తర్వాత ఒక నిమిషం ఎవరూ కదలకుండా ఉత్త నిశ్శబ్దాన్ని రికార్డు చేసుకోవాలి. ఒక ఊరి నిశ్శబ్దం ఇంకో ఊరికి అతకదు. ఒకచోట వాగు వినిపిస్తుంది, ఒకచోట గాలి, ఒకచోట కుక్క.

కెమెరా ఎక్కడుండాలన్నది దీన్నిబట్టే తేలుతుంది. వీధికి అవతల నుంచి పెద్ద జూమ్ లెన్సుతో తీస్తే మనుషులు సహజంగా ఉంటారని కొత్తవాళ్లు అనుకుంటారు. వచ్చేది దొంగచాటు బొమ్మ. శబ్దం ఎలాగూ దగ్గర్నుంచే రావాలి కాబట్టి బొమ్మకూ మాటకూ పొంతన కుదరదు, పైగా ఎవరో పొంచి చూస్తున్నారన్న సంగతి ఊరికి మొదటి రోజే తెలిసిపోతుంది. దగ్గరగా, కనిపించేలా, ఒకటిన్నర మీటర్ల దూరంలో నిలబడటమే మేలు. ఫుల్‌ఫ్రేమ్ సెన్సరు మీద 35 ఎంఎం లెన్సు, ఎఫ్ 5.6, ఫోకస్ ఒకటిన్నర మీటర్ల దగ్గర పెడితే దాదాపు 1.25 నుంచి 1.9 మీటర్ల దాకా స్పష్టంగా ఉంటుంది. కాటా, చేతులు, ముఖం మూడూ అందులో ఇముడుతాయి. ఆటో ఫోకస్ మీద వదిలేస్తే కాటా పళ్లెం మీదికి చాచిన ప్రతి చేతి వెంటా లెన్సు పరుగెడుతుంది.

వెలుతురు ఇంకో తలనొప్పి. లారీ పైకప్పు నీడకూ బయటి మధ్యాహ్నపు ఎండకూ ఐదారు స్టాపుల తేడా ఉంటుంది (ఒక్కో స్టాపుకు వెలుతురు రెట్టింపు). ముఖానికి సరిపెట్టి బయటి కొండను తెల్లబోనివ్వాలి. కొండ మళ్లీ దొరుకుతుంది. చలికాలంలో లెక్క తిరగబడుతుంది. మంచు మీద ఆటో ఎక్స్‌పోజర్ నమ్ముకుంటే మంచు బూడిదరంగుకు, ముఖాలు నలుపుకు తిరుగుతాయి, ఒకటి నుంచి ఒకటిన్నర స్టాపు పెంచుకోవాలి. లారీ లోపల ట్యూబులైటు ఉంటే గ్రీసులో కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకు 25 ఫ్రేములు, షట్టరు 1/50. 1/60 పెడితే బొమ్మ మీద పట్టీలు పాకుతాయి. బ్యాటరీలను కోటు లోపలి జేబులో ఒంటి వేడికి ఉంచాలి. చలిలోంచి హీటరు వేసిన క్యాబిన్‌లోకి ఎక్కేటప్పుడు కెమెరాను సంచీలో మూసే ఉంచాలి, లేకపోతే లెన్సు మీద తేమ పట్టి తర్వాతి ఊరు దాటిపోయేదాకా వదలదు.

వారానికో ట్రిప్పు అంటే ఏడాదికి 52. వినడానికి చాలా అనిపిస్తుంది. మొదటి మంచు పడే రోజు మాత్రం ఒక్కటే, ఆ ఒక్క రోజు తప్పితే మళ్లీ ఏడాది. రీళ్ల కాలంలో ఈ ఓపిక దాదాపు అసాధ్యం. 400 అడుగుల 16 ఎంఎం రీలు సెకనుకు 24 ఫ్రేముల చొప్పున 11 నిమిషాల్లో అయిపోయేది. వచ్చే మనిషి కోసం రీలు తిప్పుతూ ఎదురుచూడటం ఎవరికి సాధ్యం? డిజిటల్ వచ్చాక ఎదురుచూడటం చవకైంది, చూసుకోవడం ఖరీదైంది. 80 నిమిషాల సినిమాకు 50 గంటల ఫుటేజీ ఉందనుకుందాం. నిమిషానికి ముప్పై ఏడున్నర నిమిషాలు. సెకనుకు 50 మెగాబిట్ల లెక్కన గంటకు 22.5 గిగాబైట్లు, మొత్తం 1.1 టెరాబైట్లకు పైన. రెండు నకళ్లు వేరువేరు ఇళ్లలో ఉంచాలి. అంతకంటే ముఖ్యం, ట్రిప్పు అయిన రాత్రే ఎవరు వచ్చారు, ఎవరు రాలేదు, ఎవరు దేన్ని గురించి మాట్లాడారు అని రాసిపెట్టుకోవాలి. ఆర్నెల్ల తర్వాత ‘ఆకుపచ్చ స్వెట్టరు ఆవిడ’ ఏ ఊరిదో ఎవరికీ గుర్తుండదు. ఎడిటింగ్ బల్ల దగ్గర ఆ నోటుపుస్తకమే దిక్కు.

ఎడిటింగ్‌లో ప్రమాదం ఒకటే: ప్రతి ఊరూ ఒకలాగే ఉంటుంది. మైకు, తలుపు, కాటా, చిల్లర. నాలుగోసారికి ప్రేక్షకుడు ఫోన్ తీస్తాడు. దీనికి తెలిసిన మందు, మొదటి ఊరిని పూర్తిగా చూపించడం. మైకు మోగిన క్షణం నుంచి లారీ కదిలేదాకా ఒక్క మెట్టూ వదలకూడదు. ప్రేక్షకుడికి ఆ వరస ఒంటబట్టాక మెట్లు ఎగరేసుకుంటూ పోవచ్చు. రెండో ఊళ్లో మైకు మోగగానే కాటా, మూడో ఊళ్లో మాటలు మాత్రమే. నేర్పిన వరసలో ఒక మెట్టు లేకపోతే అది ఇప్పుడు కనబడుతుంది. మైకు మోగింది, తలుపు తెరుచుకోలేదు. ఆ తలుపు వెనక మనిషి ముఖం ముందు రెండుసార్లు చూసి ఉంటేనే మూసిన తలుపుకు బరువు వస్తుంది. చూడకపోతే అది ఉత్త తలుపు. అందుకే ఇలాంటి సినిమాల్లో ఎవరినీ ఒక్కసారి మాత్రమే చూపించడం దండగ. సంగీతంతో ఈ పని చేయించాలనుకుంటే ప్రేక్షకుడికి ఏడవమని చెప్పినట్టే. ముడతల చేతుల క్లోజప్, వెనక క్లారినెట్టు, దూరంగా పొగమంచు కొండ: పల్లె మీద తీసిన డాక్యుమెంటరీల్లో సగం ఈ మూడింటితోనే చెడ్డాయి.

గ్రీసులో పల్లెను చూసిన దర్శకులు అందరూ కాటా పక్కనే నిలబడలేదు. తాకిస్ కనెలోపులోస్ 1960లో ‘మకెదోనికోస్ గామోస్’ తీసినప్పుడు పెళ్లి తంతును ఎన్నుకున్నాడు. తంతుకూ వరస ఉంటుంది గానీ అది ఊరు తన్ను తాను అలంకరించుకున్న రోజు. ఫిలిప్పోస్ కుత్సాఫ్తిస్ ఎలెఫ్సీన అనే పట్నం చుట్టూ పన్నెండేళ్లు తిరిగి తీసిన ‘అగేలాస్తోస్ పేత్ర’ (2000) లో తన గొంతుతోనే వ్యాఖ్యానం చెప్పుకున్నాడు. పోలికకు అన్నిటికంటే పనికొచ్చేది మరియానా ఇకొనోము 2019లో తీసిన సినిమా. అదే థెస్సలీ మైదానంలో 33 మంది మిగిలిన ఎలియాస్ అనే ఊరు. ఇద్దరు కజిన్లు ఊరి ముసలమ్మలను పోగేసి సేంద్రియ టమాటాలతో సీసాల్లో సరుకు కట్టించి విదేశాలకు అమ్ముతారు, మొక్కలకు జర్మన్ స్వరకర్త వాగ్నర్ సంగీతం వినిపిస్తారు. ఆ ఏడాది ఆస్కారుకు గ్రీసు పంపిన చిత్రం అదే. అక్కడ కథకు ఒక గురి ఉంది: సరుకు అమ్ముడవుతుందా లేదా. నవ్వులున్నాయి, ఆత్రం ఉంది, ప్రేక్షకుడు ఇట్టే కూర్చుండిపోతాడు. కూరగాయల లారీకి గురి లేదు, వచ్చే వారం మళ్లీ రావడమే దాని పని. సినిమాగా ఇకొనోముది సులువుగా లాక్కుపోతుంది. ఊరి కాలం ఎలా గడుస్తుందో తెలియాలంటే మాత్రం లారీయే నమ్మకమైన గడియారం.

ఆ గడియారానికీ లోపాలున్నాయి. కాటా దగ్గరికి రాగలిగినవాళ్లే బొమ్మలోకి వస్తారు. మంచం దిగలేని మనిషి, లారీవాడితో మాటల్లేని మనిషి, కూరగాయలు సొంత పెరట్లోనే పండించుకునే మనిషి ఈ పద్ధతికి లేనట్టే. అప్పు సంగతి ఇంకా నాజూకు. పది యూరోలు వచ్చే వారం ఇస్తానన్న మాట ఊళ్లో ముగ్గురి మధ్య మాట. తెర మీద అది త్రికలలో ఉన్న కొడుకు చెవిన కూడా పడుతుంది. షూటింగ్‌కు ముందు తీసుకున్న అనుమతి కాగితం దీనికి చాలదు. కట్ చేసిన ముక్కను ఆ మనిషికే ముందుగా చూపించి, ఉంచాలా తియ్యాలా అని అడగడం మంచిది. చేతిలో ఒక ల్యాప్‌టాప్ ఉంటే చాలు, లారీ ఎలాగూ వచ్చే వారం ఆ ఊరికే వెళ్తుంది.

ఇక లారీతో ఊళ్లోకి వచ్చిన కెమెరా లారీతోనే వెళ్లిపోతుంది. క్యాబిన్ అద్దంలో వెనక్కి జారిపోయే ఊరి షాట్ ఎవరికైనా దొరుకుతుంది. మలుపులో ఇంజను చప్పుడు అణిగిపోయాక, సంచీ పట్టుకొని మెట్లెక్కి తలుపు వేసుకున్న మనిషి ఇంట్లో ఆ తర్వాత ఏం జరుగుతుందన్నది లారీ ఎక్కినవాళ్లకు దొరకదు. అది కావాలంటే ఒకరు కెమెరాతో అక్కడే దిగిపోవాలి. మళ్లీ లారీ వచ్చేది వారానికి.